సరిహద్దు తెలుగు రచయితకు ఏ పురస్కారం, ఏ చేయూత తగినది?

ఒడిశాలోని పర్లాకిమిడిలో ఉండి తెలుగులో కథలు రాసే మనిషికి ఆంధ్రప్రదేశ్‌లోని పాతపట్నం సైకిల్ మీద వెళ్లి వచ్చేంత దూరమే. మాట, యాస, పెళ్లి సంబంధాలు, పండుగలు మహేంద్రతనయ ఏటికి ఇరువైపులా ఒకటే. అయితే ఆ కథలు పుస్తకంగా తేవడానికి కొంత సాయం అడగవలసి వచ్చినప్పుడు, వచ్చిన పుస్తకాన్ని ఒక పురస్కారానికి పంపవలసి వచ్చినప్పుడు, ఆ చిన్న ఏరే దాటరాని గట్టు అవుతుంది. ఒడిశా సాహిత్య అకాడమీ పురస్కారాలు ఒడియా పుస్తకాలకు ఇస్తారు. ఆంధ్రప్రదేశ్, తెలంగాణల పథకాలలో చాలావాటికి ఆ రాష్ట్రంలో నివాసం ఉండాలన్న నియమం ఉంటుంది. భాష ఒక రాష్ట్రానిది, చిరునామా మరొక రాష్ట్రానిది అయిన మనలాంటి వారి గురించి ఈ రెండు వైపులా నియమాలు రాసినవారు ఆలోచించలేదు.

పన్నెండేళ్ల కిందట నా మొదటి కథల సంపుటి అచ్చుకు సాయం కోరుతూ ఒక సంస్థకు దరఖాస్తు పంపాను. నాలుగు నెలల తరువాత రాతప్రతి కట్ట విప్పకుండానే తిరిగి వచ్చింది. మీ చిరునామా మా పరిధిలో లేదన్న ఒక్క వాక్యం దానికి జతచేసి ఉంది. కథలు బాగాలేవని రాసి ఉంటే ఇంత బాధ కలిగేది కాదు. అప్పటినుంచి బరంపురం, గుణుపురం, రాయగడ, జయపురం ప్రాంతాల్లో తెలుగులో రాసే మిత్రులకు దరఖాస్తులు నింపడంలో తోడుగా ఉంటూ వచ్చాను. ఏది ఎవరికి సరిపోతుంది, ఏది చూడడానికి పెద్దదైనా మనకు పనికిరాదు అన్నది ఆ అనుభవంలో కొంత తెలిసింది. దానినే ఇక్కడ రాస్తున్నాను.

ముందు చూడవలసింది మొత్తం కాదు, నియమం

పురస్కారం పేరు వినగానే ఎంత ఇస్తారని అడగడం సహజం. సరిహద్దులో ఉన్న రచయిత మాత్రం ముందుగా అడగవలసినది వేరు: ఈ పురస్కారం రాష్ట్రాన్ని బట్టి ఇస్తారా, భాషను బట్టి ఇస్తారా? రాష్ట్రాన్ని బట్టి ఇచ్చేవాటికి మన దరఖాస్తు మొదటి వడపోతలోనే పోతుంది. భాషను బట్టి ఇచ్చేవాటిలో బరంపురం తెలుగువాడూ, బందరు తెలుగువాడూ ఒక్కటే.

భాషను బట్టి ఇచ్చేవాటిలో మొదట చెప్పుకోవలసింది కేంద్ర సాహిత్య అకాడమీ. 1954లో ఏర్పడిన ఈ సంస్థ 24 భాషలను గుర్తిస్తుంది. తెలుగు పుస్తకానికి రచయిత ఏ రాష్ట్రంలో ఉంటున్నాడన్న దానితో నిమిత్తం లేదు. ఒక విషయంలో మాత్రం మనవాళ్లు తరచూ పొరబడుతున్నారు. ఒడిశాలో ఉంటున్నాం కాబట్టి కోల్‌కతాలోని ప్రాంతీయ కార్యాలయానికి రాయాలని అనుకుంటారు. ఆ కార్యాలయం ఒడియాను చూస్తుంది. తెలుగుకు సంబంధించిన పనులు బెంగళూరు ప్రాంతీయ కార్యాలయం నుంచి జరుగుతాయి. గుణుపురం మిత్రురాలు ఒకరు పంపిన పుస్తకాలు ఈ ఒక్క పొరబాటు వల్ల ఏడాదిపాటు ఎక్కడున్నాయో తెలియకుండా పోయాయి.

రెండవది మైసూరులోని భారతీయ భాషల కేంద్ర సంస్థ. 1969లో స్థాపించిన ఈ సంస్థ పేరు మన సాహిత్య సభల్లో ఎందుకో వినిపించదు. భారతీయ భాషల్లో రాతప్రతుల ముద్రణకు, అచ్చయిన పుస్తకాలను టోకుగా కొనడానికి, చిన్న పత్రికలకు ఆర్థిక సాయం చేసే పథకం దానికి ఉంది. గిరిజన భాషలు కూడా అందులోకి వస్తాయి. ఇది పురస్కారం కాదు. శాలువా ఉండదు, పత్రికలో ఫొటో రాదు. కానీ అచ్చువేయడానికి డబ్బు లేక రాతప్రతి పెట్టెలో పెట్టుకున్న మనిషికి శాలువా కన్నా ఇదే ముఖ్యం. ప్రకటన వెలువడిందా లేదా అన్నది ఎప్పటికప్పుడు చూసుకోవాలి, రాతప్రతిని శుభ్రంగా టైపు చేయించి సిద్ధంగా ఉంచుకోవాలి. ప్రకటన వచ్చాక టైపు మొదలుపెట్టినవారు గడువు దాటిపోవడం నేను ఒకటికి రెండుసార్లు చూశాను.

ఇంకో రకం సాయం విషయాన్ని బట్టి వచ్చేది. తిరుమల తిరుపతి దేవస్థానం ధార్మిక గ్రంథాల ముద్రణకు ఆర్థిక సహాయం చేస్తుంది. శతకమో, క్షేత్ర మాహాత్మ్యమో, పురాణ వ్యాఖ్యానమో రాసినవారికి ఇది మంచి దారి. కథలు, నవలలు, ఆధునిక కవిత్వం రాసేవారికి ఇది కాదు. సాయం దొరుకుతుందని రాసే విషయాన్ని మార్చుకోవడం మంచిది కాదని నా గట్టి అభిప్రాయం.

ముప్పై, ముప్పై అయిదు ఏళ్లలోపు వారికి

యువ రచయితలకు ఇప్పుడు ప్రధానంగా రెండు అవకాశాలు ఉన్నాయి. రెండింటిలోనూ 50,000 రూపాయలన్న అంకె కనిపించడం వల్ల చాలామంది వాటిని ఒకే రకం అనుకుంటున్నారు. అవి పూర్తిగా వేర్వేరు.

సాహిత్య అకాడమీ యువ పురస్కారం 2011లో మొదలైంది. పురస్కార సంవత్సరం జనవరి 1 నాటికి రచయిత వయసు 35 లేదా అంతకన్నా తక్కువ ఉండాలి. ఇచ్చేది 50,000 రూపాయలు, తామ్రఫలకం. ఇది అచ్చయిన పుస్తకానికి ఇచ్చేది. అంటే రచయిత ముందే తన ఖర్చుతోనో, ప్రచురణకర్త ఖర్చుతోనో పుస్తకం తెచ్చి ఉండాలి. విషయం మీద ఆంక్ష లేదు: కవిత్వం కావచ్చు, కథలు కావచ్చు, నవల కావచ్చు.

ప్రధానమంత్రి యువ రచయితల పథకం 2021లో మొదలైంది. దానిని నేషనల్ బుక్ ట్రస్ట్ నడుపుతుంది. దీనికి వయసు 30 లోపు ఉండాలి. ఎంపికైనవారికి నెలకు 50,000 రూపాయల చొప్పున ఆరు నెలలు, అంటే మొత్తం 3 లక్షలు ఇస్తారు. అనుభవజ్ఞులైన రచయితల దగ్గర శిక్షణ ఉంటుంది, తయారైన పుస్తకాన్ని ట్రస్టే ప్రచురిస్తుంది, అమ్మకాల మీద పది శాతం రాయల్టీ కూడా ఉంటుంది. మొదటి రెండు విడతల్లో 75 మంది చొప్పున, 2025లో ప్రకటించిన మూడవ విడతలో 50 మందిని ఎంపిక చేసేలా రూపొందించారు. ఇక్కడ అడిగేది అచ్చయిన పుస్తకం కాదు, రాయబోయే పుస్తకం ప్రతిపాదన. అయితే విషయం వారే నిర్ణయిస్తారు. మొదటి విడతలో స్వాతంత్ర్యోద్యమం, రెండవ విడతలో ప్రజాస్వామ్యం అలా వచ్చాయి. ఏ ప్రక్రియలను స్వీకరిస్తారన్నది కూడా విడత విడతకూ ప్రకటనలో చూసుకోవలసిందే.

కాబట్టి ఎంపిక రచయిత చేతిలో ఏముందన్న దాన్ని బట్టి ఉంటుంది. గుణుపురంలో ఇరవై నాలుగేళ్ల అమ్మాయి వంశధార వరదల మీద, తన వీధి ఆడవాళ్ల మీద కథలు రాస్తూ ఉంటే, ఆమెను ఆ కథలు ఆపి ప్రకటించిన అంశం మీద పుస్తకం రాయమనడం నాకు ఇష్టం లేదు. ఆమెకు యువ పురస్కారమే గురి కావాలి. 35 వరకు ఆమెకు ఇంకా చాలా ఏళ్లు ఉన్నాయి. తొందరపడి పచ్చిగా ఉన్న పుస్తకం తేవలసిన పని లేదు. అదే వయసులో ఉన్న కుర్రవాడు గంజాం జిల్లా స్వాతంత్ర్య పోరాటం గురించి, మద్రాసు ప్రెసిడెన్సీ నుంచి మన ప్రాంతం విడిపోయిన తీరు గురించి చదువుతూ, పాత కాగితాలు సేకరిస్తూ ఉంటే, అతనికి రెండవ పథకంలోని ఏదో ఒక విడత అచ్చంగా సరిపోవచ్చు. సరిహద్దు జిల్లాల చరిత్ర దేశంలో ఎక్కువమంది రాయనిది కాబట్టి ప్రతిపాదనకు అదే బలం అవుతుంది. ఉద్యోగం లేని యువకుడికి ఆరు నెలలు తిండికి వెతుక్కోకుండా రాసుకునే వీలు కలగడం చిన్న విషయం కాదు.

మొదటి పుస్తకం తేవడానికే దారి లేని యువ రచయితల కోసం సాహిత్య అకాడమీ నవోదయ అనే పథకం కింద తానే తొలి పుస్తకాలు ప్రచురిస్తుంది. నగదు మాట పక్కన పెడితే, ముప్పై దాటని తెలుగు కవికి అకాడమీ ముద్రతో తొలి సంపుటి రావడం ఒక పురస్కారం కన్నా తక్కువేమీ కాదు.

మన చేతిలో ఉన్న రెండవ భాష

ఇక్కడ కొంచెం ఎక్కువ సేపు ఆగాలి. సరిహద్దు రచయితలు తమకు లేనివాటిని లెక్కపెట్టుకుంటూ, ఉన్న పెద్ద ఆస్తిని మరచిపోతున్నారు. విజయవాడలోనో, వరంగల్‌లోనో ఉన్న తెలుగు రచయితకు ఒడియా రాదు. మనకు వచ్చు. బడిలో చదివాం, బజారులో మాట్లాడాం, ఆఫీసులో రాశాం. ఒడియా నుంచి తెలుగులోకి నేరుగా, ఇంగ్లీషు, హిందీల ఆసరా లేకుండా అనువదించగల వారు దేశం మొత్తం మీద కొద్దిమందే ఉన్నారు. వారిలో ఎక్కువమంది మన జిల్లాల వారే.

సాహిత్య అకాడమీ అనువాద పురస్కారం 1989లో మొదలైంది, దాని మొత్తం 50,000 రూపాయలు. తెలుగులో సొంత నవల, కథల సంపుటి తెచ్చినప్పుడు మన పుస్తకం ప్రధాన పురస్కారం కోసం రెండు తెలుగు రాష్ట్రాల్లో అయిదేళ్లలో వెలువడిన పుస్తకాలన్నింటితో పోటీ పడాలి. ఆ పురస్కారం మొత్తం లక్ష రూపాయలు. గొప్ప గౌరవమే గాని, గుంపు చాలా పెద్దది. అనువాదంలో గుంపు చిన్నది, మన బలం పెద్దది. నలభై దాటి, రెండు భాషల్లోనూ పట్టు ఉన్న బరంపురం ఉపాధ్యాయుడు నన్ను సలహా అడిగితే, సొంత రచన మానవద్దు గాని, రెండేళ్లకు ఒక మంచి ఒడియా పుస్తకం తెలుగులోకి తెమ్మని చెబుతాను. పురస్కారం రాకపోయినా ఆ పుస్తకం తెలుగు పాఠకుడికి కొత్తది. సొంత కథల సంపుటిని ప్రచురణకర్త ఎందుకు వేయాలని అడుగుతాడు. మంచి ఒడియా నవల అనువాదమంటే చదివి చూద్దామంటాడు.

అనువాదానికి ముందు అనుమతి సంగతి తేల్చుకోవాలి. మన దేశంలో రచయిత మరణించిన తరువాత 60 సంవత్సరాల వరకు కాపీరైట్ ఉంటుంది. 1918లో కన్నుమూసిన ఒడియా రచయిత ఫకీర్ మోహన్ సేనాపతి రచనలను ఎవరైనా అనువదించవచ్చు. కొరాపుట్ కొండల కోందు గిరిజనుల బతుకును నవలగా రాసి 1955లో సాహిత్య అకాడమీ పురస్కారం అందుకున్న గోపీనాథ మహాంతి 1991లో మరణించారు. కాబట్టి ఆయన రచనలకు 2051 చివరి వరకు వారసుల అనుమతి కావాలి. అనుమతి పత్రం లేకుండా రెండేళ్లు కష్టపడి అనువదించి, తరువాత వారసులు కాదనగా రాతప్రతిని పక్కన పెట్టుకున్న మిత్రుడి ముఖం నాకు ఇప్పటికీ గుర్తుంది. మొదటి పేజీ అనువదించకముందే ఉత్తరం రాయాలి, జవాబు కాగితం మీద తీసుకోవాలి.

అంతర్జాతీయ బహుమతుల గురించి యువకులు ఎక్కువగా అడుగుతారు. తక్కువ అవకాశాలు ఉన్న రచయితల కోసం అమెరికా, బ్రిటన్ దేశాల్లో ధార్మిక నిధులు, సహాయ సంస్థలు చాలా ఉన్నాయి. వాటిలో ఎక్కువ భాగం ఇంగ్లీషులో రాసేవారికి, లేదా ఆ దేశంలో నివసించేవారికి ఉద్దేశించినవి. తెలుగులో రాసేవారు వాటి వెంట పడి కాలం పోగొట్టుకోవద్దు. ఒక్క మినహాయింపు చెప్పదగినది కామన్వెల్త్ కథల బహుమతి. ప్రవేశ రుసుము లేదు. కథ 2,000 నుంచి 5,000 పదాల మధ్య ఉండాలి. ప్రాంతీయ విజేతకు 2,500 పౌండ్లు, మొత్తం మీద విజేతకు 5,000 పౌండ్లు. మూల భాషలోనే పంపడానికి వారు అనుమతించే భాషల్లో బెంగాలీ, తమిళం ఉన్నాయి గాని తెలుగు లేదు. ఏ భాష నుంచైనా ఇంగ్లీషులోకి అనువదించిన కథను మాత్రం స్వీకరిస్తారు. ఇంగ్లీషులో మంచి అనువాదకుడు తోడున్న కథకుడికి ఇది ప్రయత్నించదగినది. అనువాదకుడు లేకుండా యంత్రం చేసిన అనువాదాన్ని పంపడం మాత్రం కథకు అన్యాయం చేసినట్టే.

సవర, కువి, కుయి మాట్లాడేవారి విషయం

మన జిల్లాల్లో తెలుగు రచయిత తక్కువ ప్రాతినిధ్యం ఉన్నవాడే. కాని అతని కన్నా చాలా వెనుక ఉన్నవారు, ఈ గిరిజన భాషలు మాట్లాడేవారు, అదే కొండల్లో ఉన్నారు. గిడుగు రామమూర్తి పర్లాకిమిడిలో పాఠాలు చెబుతూ సవర భాష నేర్చుకుని, దానికి వ్యాకరణం, నిఘంటువు తయారు చేశారు. 1936 ఏప్రిల్ 1న ఒడిశా ప్రత్యేక రాష్ట్రంగా ఏర్పడి పర్లాకిమిడి అందులో చేరినప్పుడు ఆయన ఊరు విడిచి రాజమహేంద్రవరం వెళ్లిపోయారు. ఆయన పుట్టినరోజైన ఆగస్టు 29న తెలుగు భాషా దినోత్సవం జరుపుకునే మనం, ఆయన అంతే ప్రేమతో పనిచేసిన సవర భాషను తలచుకోవడం అరుదు.

సాహిత్య అకాడమీ 1996లో ప్రారంభించిన భాషా సమ్మాన్ తన గుర్తింపు పొందిన 24 భాషలకు వెలుపల ఉన్న భాషల్లో కృషి చేసినవారికి కూడా ఇస్తారు. మొత్తం లక్ష రూపాయలు. సవర, కువి వంటి భాషల్లో పాటలు, కథలు రాసేవారికి, సేకరించేవారికి జాతీయ స్థాయిలో ఉన్న గౌరవాల్లో ఇది ముఖ్యమైనది. దీనికి పోల్చదగినది కేంద్ర సాంస్కృతిక మంత్రిత్వ శాఖ ఇచ్చే ఫెలోషిప్. జానపద, సంప్రదాయ కళల వంటి రంగాల్లో రెండేళ్లపాటు పని చేయడానికి 25 నుంచి 40 ఏళ్ల మధ్య వయసు వారికి నెలకు 10,000 రూపాయలు, 40 దాటినవారికి నెలకు 20,000 రూపాయలు ఇస్తారు. భాషా సమ్మాన్ జీవితకాలం చేసిన పనికి వచ్చే గుర్తింపు. ఫెలోషిప్ చేయవలసిన పనికి ముందుగా అందే ఆసరా. గజపతి జిల్లా కొండల్లో ముసలివాళ్ల నోట ఉన్న పాటలు వాళ్లతోనే పోతున్నాయి. అందువల్ల ఇప్పుడు అవసరమైనది రెండవదేనని నేను అనుకుంటాను.

ఒక మాట నొక్కి చెప్పాలి. గిరిజన భాషల పాటలు సేకరించే తెలుగు రచయితలు దరఖాస్తులో, పుస్తకం అట్ట మీద తమ పేరు మాత్రమే పెట్టుకోవడం తప్పు. పాడిన మనిషి పేరు, ఊరు, అనుమతి ఉండాలి. వచ్చిన డబ్బులో వారికి వాటా ఉండాలి. వెనుకబడినవారి పేరు మీద వచ్చే సాయం వారికే అందకుండా పోవడం కన్నా బాధ కలిగించేది వేరే లేదు.

ఊరి దగ్గరి పురస్కారాలు, డబ్బు అడిగే పురస్కారాలు

ప్రభుత్వ సంస్థలను పక్కన పెడితే, వ్యక్తులు, కుటుంబాలు, చిన్న ట్రస్టులు తమ ప్రేమ కొద్దీ నడిపే పురస్కారాలు తెలుగులో చాలా ఉన్నాయి. ఈ సంప్రదాయం కొత్తది కాదు. గృహలక్ష్మి పత్రిక నడిపిన వైద్యుడు కె.ఎన్. కేసరి స్త్రీల సేవకు, రచనకు గౌరవంగా స్వర్ణకంకణం ఇవ్వడం మొదలుపెట్టగా, 1934లో దానిని మొదట అందుకున్నది కనుపర్తి వరలక్ష్మమ్మ. ఆడవారి రాతను వంటింటి కాలక్షేపంగా చూసిన కాలంలో ఆ కంకణం ఎంత ధైర్యం ఇచ్చి ఉంటుందో ఊహించవచ్చు.

మనకు దగ్గరగా విజయనగరంలో ఏటా జనవరి 17న, కథకుడు చాసో పుట్టినరోజున, చాసో స్ఫూర్తి పురస్కారం ఇస్తారు. ఉత్తరాంధ్ర సాహిత్య వాతావరణంలో దానికి ఉన్న గౌరవం నగదుతో కొలిచేది కాదు. శ్రీకాకుళంలో కాళీపట్నం రామారావు 1997లో స్థాపించిన కథానిలయం పురస్కారం ఇచ్చే సంస్థ కాదు, తెలుగు కథలను భద్రపరిచే గ్రంథాలయం. అయినా నేను దానిని ఈ పోలికలో చేరుస్తాను. సరిహద్దు కథకుడి కథ పత్రికలో వచ్చి, ఆ పత్రిక చిరిగిపోయి, రచయిత పోయాక ఇంట్లోవారు కాగితాలు అమ్మేస్తే ఆ కథ ఉన్నట్టే ఎవరికీ తెలియదు. మన కథలు, సంపుటాలు కథానిలయానికి పంపితే పరిశోధకుల కంట పడే అవకాశమైనా ఉంటుంది. దానికి ఖర్చు రైలు చార్జీ, లేదా పోస్టు చార్జీ మాత్రమే.

ప్రవాస తెలుగు సంఘాలు, ముఖ్యంగా తానా, నిర్వహించే నవలల పోటీలు మరొక మంచి అవకాశం. రాతప్రతితోనే పోటీ పడవచ్చు కాబట్టి ముందే అచ్చువేయవలసిన భారం ఉండదు. రచయిత చిరునామా కన్నా నవలకే ప్రాధాన్యం. నవల రాయగల ఓపిక ఉన్నవారికి కథల పోటీల కన్నా ఇవే మేలు. పత్రికల కథల పోటీల్లో వందల కథల మధ్య మన యాసను అర్థం చేసుకునే న్యాయనిర్ణేత దొరకడం అదృష్టం మీద ఆధారపడి ఉంటుంది. నవలలో యాస పాఠకుడికి అలవాటు పడేంత చోటు ఉంటుంది.

ఇక జాగ్రత్తగా ఉండవలసినవి. మీరు జాతీయ పురస్కారానికి ఎంపికయ్యారు, ప్రతినిధి రుసుముగా ఇంత పంపండి, సావనీరులో మీ పరిచయానికి ఇంత, ఫొటోకు ఇంత అని ఉత్తరాలు వస్తాయి. ఇలాంటి ఉత్తరం వచ్చినప్పుడు మూడు విషయాలు అడగండి: పుస్తకాన్ని ఎవరు చదివారు, గత అయిదేళ్లలో ఎవరికి ఇచ్చారు, ఒకే వేదిక మీద ఎంతమందికి ఇస్తున్నారు. జవాబు రాకపోయినా, ఒక్క సాయంత్రం డెబ్బై మందికి ఇస్తున్నామని వచ్చినా ఆ డబ్బు మీ దగ్గరే ఉంచుకోండి. మా ఊరి విశ్రాంత గుమస్తా ఒకాయన అలా వెళ్లి, రైలు, లాడ్జి, రుసుము కలిపి పెట్టిన ఖర్చుతో ఆయన కవితా సంపుటి మూడు వందల ప్రతులు అచ్చయ్యేవి. తిరిగి వచ్చాక ఆయన ఆ జ్ఞాపికను గోడకు తగిలించలేదు.

పెద్ద వయసులో

అరవై దాటి, ఆదాయం లేక ఉన్న రచయితలకు పురస్కారం కన్నా నెలనెలా వచ్చే ఆసరా కావాలి. కేంద్ర సాంస్కృతిక మంత్రిత్వ శాఖ వృద్ధ కళాకారుల ఆర్థిక సహాయ పథకం కింద 60 ఏళ్లు నిండి, ఏడాది ఆదాయం 72,000 రూపాయలకు మించని వారికి నెలకు 6,000 రూపాయల వరకు ఇస్తారు. సాహిత్య రంగంలో కృషి చేసినవారు కూడా దీనికి అర్హులు. ఇందులో చూసేది ఒక్క పుస్తకం కాదు, జీవితకాలపు కృషి. కాబట్టి పత్రికల్లో వచ్చిన రచనల కత్తిరింపులు, ఆకాశవాణి ఒప్పంద పత్రాలు, సభల ఆహ్వాన పత్రికలు అన్నీ రుజువులే. మన పెద్దలు వీటిని దాచుకోరు. వారి పిల్లలు, శిష్యులు ఈ పని నెత్తిన వేసుకోవాలి. పెద్దాయనను అడిగించుకునే స్థితికి రానివ్వకుండా, మనమే ఫారం తెచ్చి నింపి సంతకం పెట్టించాలి.

కాగితాల విషయం

ఏది ఎంచుకున్నా చివరకు తప్పేది చిన్న కాగితాల దగ్గరే. మన ప్రాంతంలో ఇది మరీ ఎక్కువ. తెలుగు పుస్తకం మీద ఇంటిపేరు ముందు వస్తుంది. ఒడిశాలో తీసుకున్న ఆధార్‌లో, బడి సర్టిఫికెట్‌లో అది చివర వస్తుంది, కొన్నిసార్లు ఒడియా ఉచ్చారణకు తగ్గట్టు అక్షరాలు కూడా మారిపోతాయి. కలం పేరు ఉంటే మూడవ పేరు అవుతుంది. యువ పురస్కారానికి వయసు రుజువు పంపినప్పుడు పుస్తకం రాసిన మనిషి, సర్టిఫికెట్‌లోని మనిషి ఒక్కరే అని చూపించలేక ఇబ్బంది పడినవారు నాకు తెలుసు. దీనికి తేలిక మార్గం ఒకటుంది. పుస్తకం అచ్చువేసేటప్పుడే కాపీరైట్ పేజీలో కలం పేరుతో పాటు సర్టిఫికెట్‌లో ఉన్న అసలు పేరు కూడా వేయించాలి.

అదే పేజీలో ప్రథమ ముద్రణ నెల, సంవత్సరం స్పష్టంగా ఉండాలి. సాహిత్య అకాడమీ ప్రధాన పురస్కారానికి పురస్కార సంవత్సరానికి ముందటి ఏడాదిని వదిలి, దానికి ముందు అయిదేళ్లలో మొదటిసారి వెలువడిన పుస్తకాలనే పరిశీలిస్తారు. ఉదాహరణకు 2023 పురస్కారానికి 2017 నుంచి 2021 వరకు వచ్చినవి. తేదీ లేని పుస్తకం ఎంత మంచిదైనా ఈ లెక్కలోకి రాదు. పుస్తకాన్ని గుర్తించడానికి వేసే ఐఎస్‌బీఎన్ సంఖ్యను రాజా రామ్మోహన్ రాయ్ పేరిట ఉన్న జాతీయ ఏజెన్సీ ఉచితంగా ఇస్తుంది, సొంతంగా పుస్తకం వేసుకునేవారికి కూడా. ఎవరైనా దానికి డబ్బు అడిగితే అది వారి సొంత రుసుము అని గ్రహించాలి.

ఇవన్నీ ఒకరే చేసుకోవడం కష్టం. బరంపురంలోనో, రాయగడలోనో నలుగురు రాసేవాళ్లు నెలకు ఒకసారి కలిసినప్పుడు కవితలు చదువుకోవడంతో పాటు, ఎవరి గడువు ఎప్పుడో ఒక నోటు పుస్తకంలో రాసుకుంటే చాలు. మేము పర్లాకిమిడిలో అలాంటి పుస్తకం ఒకటి పెట్టుకున్నాం. మొదటి పేజీలో బెంగళూరు చిరునామా, రెండవ పేజీలో మైసూరు చిరునామా ఉన్నాయి. మూడవ పేజీ నుంచి మా వాళ్ల పేర్లు, పుట్టిన తేదీలు, పుస్తకాలు వెలువడిన నెలలు రాసుకుంటున్నాం.